ఊరి గాలికి శ్రుతి కలపడం

శ్రీహరికోటలో రాకెట్ లేచే రోజున దొరవారిసత్రం జనం మిద్దెలెక్కి తూర్పుకు తిరిగి నిలబడతారు. ముందు వెలుగు కనబడుతుంది. పొగతోకను ఈడ్చుకుంటూ అది మబ్బుల్లోకి పోతుంది. అప్పటిదాకా చప్పుడే ఉండదు. చూసింది చాలనుకుని పిల్లలు మెట్లు దిగబోతుండగా లోగొంతుకతో ఒక మోత మొదలై కిటికీ రెక్కలను అదిలిస్తుంది.

ప్రయోగవేదికకూ ఈ ఊరికీ మధ్య, పులికాట్ సరస్సు మీదుగా గీత గీసి కొలిస్తే, పాతిక ముప్పై కిలోమీటర్ల దూరం. 30 డిగ్రీల వెచ్చటి గాలిలో ధ్వని సెకనుకు సుమారు 349 మీటర్లు పోతుంది. భాగహారం చేస్తే డెబ్బై నుంచి ఎనభై ఆరు సెకన్లు. 2023 జులై 14 మధ్యాహ్నం చంద్రయాన్-3ను మోసుకుపోయిన ఎల్‌వీఎం-3 మోత ఇక్కడికి చేరే వేళకు ఆ రాకెట్ పదుల కిలోమీటర్ల ఎత్తున ఉంది. జనం విన్నది, ఎప్పుడో వదిలేసిన చోటి నుంచి వచ్చిన చప్పుడు.

ఆ చప్పుడు దారిలో ఆలస్యం కావడమే కాదు, మారిపోతుంది కూడా. వేదిక దగ్గర దానిలో చిటపటలుంటాయి, చీల్చినట్టుండే కీచుదనం ఉంటుంది. ఊరికి వచ్చేసరికి అవేవీ మిగలవు. సెకనుకు ఎన్ని కంపనాలన్న లెక్కను పౌనఃపున్యం అంటారని, దాన్ని హెర్ట్జ్‌లలో కొలుస్తారని బళ్లో చదువుకున్నాం. గాలి ఒక జల్లెడ. 10,000 హెర్ట్జ్‌ల సన్నటి ధ్వనిని కిలోమీటరు దాటేలోపే దాదాపు మొత్తం పట్టేస్తుంది. 100 హెర్ట్జ్‌ల బొంగురు ధ్వని అదే కిలోమీటరులో ఒక్క డెసిబెల్ కూడా గాలికి సమర్పించుకోదు. అందుకే దూరపు ఉరుము గురగురలాడుతుంది, దగ్గరి పిడుగు ఫెళ్లుమంటుంది.

సినిమాకు వాతావరణాన్ని కట్టే సంగీతం ఎలా పనిచేస్తుందన్నది ఈ అధ్యాయం విషయం. పాటల సంగతి కాదు. మన సినిమావాళ్లు రీరికార్డింగ్ అనీ, ఆర్‌ఆర్ అనీ, ఈమధ్య బీజీఎం అనీ పిలిచేదానిలో కూడా హీరో నడకకు మోగించే డప్పులు కాదు. తెర మీద ఏమీ జరగనట్టుండే చోట, ప్రేక్షకుడికి తెలియకుండానే అతని ఊపిరి వేగాన్ని మార్చే సన్నటి పొర గురించి. స్వతంత్ర సినిమాకు ఈ పొర మరీ అవసరం. అక్కడ సెట్టింగులుండవు, గుంపులుండవు, ఒకే ముఖం మీద కెమెరా నిమిషాలు నిలబడుతుంది. చోటు తాలూకు బరువును చెవి ద్వారానే ఇవ్వాలి.

అలాంటి సినిమా బృందమొకటి దొరవారిసత్రంలో దిగిందనుకుందాం. సంగీతం చేసేవాళ్లు వెంటనే చేయగలిగే పొరపాటు, ఇంటర్నెట్‌లో కొన్న 'డ్రోన్' శబ్దాల మూటను విప్పడం. ఆ మూటలోవి బాగానే ఉంటాయి, అదే చిక్కు. ఎక్కడ వేసినా ఒకేలా బాగుంటాయి. నెల్లూరు తీరం ఐస్‌లాండ్‌లా వినబడుతుంది. రాకెట్ మోత నేర్పే పాఠం ఇంతకన్నా చవకైనది: దూరాన్ని వినిపించాలంటే గొట్టాలు, మీటలు అక్కర్లేదు, పై పౌనఃపున్యాలను కోసేయడం చాలు. సరస్సు అవతలి నుంచి వయొలిన్ వినబడాలంటే చాలామంది వాల్యూమ్ తగ్గిస్తారు. అప్పుడది చిన్నదవుతుంది కానీ దూరం కాదు. సన్నదనాన్ని వడగట్టి, వాల్యూమ్ కొంచెమే తగ్గిస్తే ఆ వాద్యం నిజంగా అవతలి ఒడ్డుకు పోతుంది. ఏ ఉచిత సాఫ్ట్‌వేర్‌లోనైనా ఉండే ఫిల్టర్ ఈ పని చేస్తుంది.

ఇక ఆ ఎనభై సెకన్లు. మన సినిమాల్లో మెరుపూ ఉరుమూ కలిసే పుడతాయి. బాంబు పేలితే మైలు దూరాన ఉన్నవాడికి ఆ క్షణమే వినబడుతుంది. దొరవారిసత్రంలో తీసే సినిమాకు ఆ అబద్ధం అవసరం లేదు. వెలుగుకూ మోతకూ మధ్య నిమిషం పైచిలుకు ఖాళీని ప్రకృతే ఇస్తోంది. దానిలో సంగీతం పెట్టాలా, ఊరి చప్పుడునే ఉంచాలా అన్నది దర్శకుడూ సంగీతకారుడూ కూర్చుని తేల్చుకోవలసిన అసలు ప్రశ్న. నన్నడిగితే ఉంచమంటాను.

ఊరి చప్పుడు అంటే ఏమిటో కూడా తేల్చుకోవాలి. కెనడా స్వరకర్త ఆర్. ముర్రే షేఫర్ 1977లో వెలువరించిన పుస్తకంలో, ప్రతి చోటుకూ ఒక ఆధార ధ్వని ఉంటుందని, అక్కడ బతికేవాళ్లు దాన్ని వినడం ఎప్పుడో మానేసి ఉంటారని వాదించాడు. అమెరికాకు చెందిన బెర్నీ క్రాస్ దాన్ని మూడుగా విడదీశాడు: గాలి, నీరు, వాన చేసేవి; జీవులు చేసేవి; మనుషులూ యంత్రాలూ చేసేవి. ఒకేచోట మసిలే జీవులు తలా ఒక పౌనఃపున్యాల అరను పంచుకుని, ఒకరి కూతకు ఒకరు అడ్డురాకుండా కూస్తాయన్నది ఆయన ప్రతిపాదన. శాస్త్రంగా దీనికి అన్నిచోట్లా సమాన బలం లేదు. కొన్ని అడవుల్లో కుదిరింది, కొన్నిట్లో కుదరలేదు. సంగీతకారుడికి మాత్రం పనిసూత్రంగా బ్రహ్మాండంగా ఉపయోగపడుతుంది. ఏ అర ఖాళీగా ఉందో చూసి అందులో కూర్చోవడమే అతని పని.

దొరవారిసత్రం మండలంలోనే నేలపట్టు పక్షుల కేంద్రం ఉంది. 1976లో ఏర్పడింది, విస్తీర్ణం దాదాపు 459 హెక్టార్లు. నెల్లూరు తీరానికి ప్రధాన వానలిచ్చేది ఈశాన్య రుతుపవనం కనుక అక్టోబరు నుంచి చెరువు నిండుతుంది. నీటిలోనే పెరిగే కడప చెట్ల మీద గూడబాతులు, నత్తగుల్లకొంగలు, తెల్లకంకణాయిలు, నీటికాకులు గూళ్లు కడతాయి. గట్టు మీద నిలబడి మైకు పెట్టినవాళ్లకు ఒక విచిత్రం తెలుస్తుంది. అక్కడ చూపును ఆక్రమించేది గూడబాతు, చెవిని ఆక్రమించేది దాని పిల్ల. పెద్ద గూడబాతు దాదాపు మూగది. గూటి దగ్గర బుసకొట్టడం, గొణగడం, ముక్కు టపటపలాడించడం తప్ప దానికి గొంతు లేదు. తిండి కోసం పిల్లలు చేసే గోలే ఆ చెరువు గోల. నత్తగుల్లకొంగ ఇంకా నయం, మధ్యలో సందు ఉన్న ఆ ముక్కు రెండు భాగాలనూ కొట్టుకుంటూ తాళం వేస్తుంది.

ఈ అరుపులు, టపటపలు ఎక్కువగా వెయ్యి హెర్ట్జ్‌లకు పైన పరుచుకుంటాయి. మన మాటలోని హల్లులు, 'త'కూ 'ప'కూ తేడా చెప్పే ఆ చిన్న చప్పుళ్లు, ముఖ్యంగా 2,000 నుంచి 4,000 హెర్ట్జ్‌ల మధ్య ఉంటాయి. దగ్గరదగ్గర పౌనఃపున్యాలున్న రెండు ధ్వనులలో బలమైనది బలహీనమైనదాన్ని మింగేస్తుంది. లోపలి చెవిలోని పొర ఒక్కో పౌనఃపున్యానికి ఒక్కో చోట కంపిస్తుంది కాబట్టి పక్కపక్క చోట్ల మధ్య ఈ పోటీ తప్పదు. చెరువు గట్టు మీద ఇద్దరు మాట్లాడుకునే సీనులో పక్షుల గోల, డైలాగు ఇప్పటికే ఆ చోటు కోసం కొట్టుకుంటున్నాయి. అక్కడ తీగవాద్యాల పై స్వరాలు కూడా తెచ్చిపెడితే మిక్సింగ్ ఇంజనీర్ చేసేదేమీ ఉండదు, అన్నిటినీ తగ్గించడం తప్ప. కింది అర, 300 హెర్ట్జ్‌ల లోపల, ఖాళీగా ఉంది. సంగీతం అక్కడ ఉండాలి. అదే రెండు పాత్రలు చెన్నై హైవే పక్కన టీ కొట్టు దగ్గర మాట్లాడుకుంటే లెక్క తారుమారు. అక్కడ లారీ ఇంజన్లు కింది అరను పట్టేస్తాయి.

తెల్లవారుజామున మరో సంగతి. పగలు వేడెక్కిన నేల మీది గాలి వెచ్చగా, పైది చల్లగా ఉంటుంది కనుక ధ్వని తరంగం పైకి వంగి పోతుంది. రాత్రంతా నేల చల్లబడ్డాక, వేకువన, కింద చల్లగాలి, పైన వెచ్చగాలి. ధ్వని వెచ్చటి గాలిలో వేగంగా పోతుంది కాబట్టి తరంగం పైభాగం ముందుకు ఉరికి, మొత్తం కిందికి వంగి నేలకు దిగుతుంది. అందుకే మధ్యాహ్నం వినబడని రైలు కూత వేకువన చెరువు దాకా వస్తుంది. దొరవారిసత్రం స్టేషన్ గూడూరు-చెన్నై మార్గంలో ఉంది. ఆగని ఎక్స్‌ప్రెస్‌లే ఎక్కువ. గంటకు 110 కిలోమీటర్ల వేగంతో కూత వేస్తూ ప్లాట్‌ఫారం దాటే రైలు, దగ్గరకు వచ్చేటప్పటి శ్రుతికీ పోయేటప్పటి శ్రుతికీ మధ్య దాదాపు మూడు స్వరస్థానాలు జారుతుంది. లెక్క తేలికే: 349కి రైలు వేగం 30.6 కలిపి, అదే తీసివేసిన దానితో భాగిస్తే 1.19. సాధారణ గాంధారం నుంచి షడ్జమానికి దిగినంత. ఈ ఊరి సినిమాకు ఒక మూల స్వరవాక్యం కావాలంటే ఇంతకన్నా నమ్మకమైనది ఎక్కడ దొరుకుతుంది? ఇక్కడొక చిన్న ఫిర్యాదు. పట్టాలను పొడవుగా వెల్డింగ్ చేశాక పాత టకటక తాళం మెయిన్ లైన్ల మీద దాదాపు పోయింది. మన సినిమా రైళ్లు మాత్రం ఇంకా టకటకలాడుతూనే ఉన్నాయి.

రైలూ పక్షులూ కలిసిన స్వతంత్ర సినిమా ఒకటి మన దేశంలో ఎప్పుడో వచ్చింది. 1969లో మృణాల్ సేన్ తీసిన 'భువన్ షోమ్'. కఠినుడైన ఒక రైల్వే అధికారి సౌరాష్ట్ర ఇసుకదిబ్బల్లోకి పక్షుల వేటకు పోవడం కథ. ఫిల్మ్ ఫైనాన్స్ కార్పొరేషన్ అప్పుతో, తక్కువ ఖర్చులో తయారైంది. సంగీతం విజయ రాఘవరావు. మద్రాసులో పుట్టిన వేణువిద్వాంసుడు, రవిశంకర్ శిష్యుడు, ఫిల్మ్స్ డివిజన్ డాక్యుమెంటరీలకు ఏళ్ల తరబడి సంగీతం చేసిన మనిషి. డాక్యుమెంటరీలో సంగీతకారుడికి కథానాయకుడు ఉండడు, చోటు మాత్రమే ఉంటుంది. ఆ సాధన ఊరికే పోదు. ప్రేమ్‌చంద్ 'కఫన్' కథ ఆధారంగా సేన్ 1977లో తెలుగులో 'ఒక ఊరి కథ' తీసినప్పుడూ సంగీతానికి ఆయననే పిలిచాడు. సేన్ తీసిన ఒకే ఒక్క తెలుగు సినిమా అది. చెవిని నమ్మే స్వతంత్ర సినిమా తెలుగుకు నిన్నమొన్న వచ్చిందనుకునేవాళ్లు ఆ సంవత్సరాన్ని గుర్తుపెట్టుకోవాలి.

పక్షులతో సంగీతమే లేకుండా పని జరిపించిన వాడు హిచ్‌కాక్. 1963 నాటి 'ది బర్డ్స్'లో నేపథ్య సంగీతం లేదు. ఆ స్థానంలో బెర్లిన్‌లో ఓస్కార్ సాలా, ట్రౌటోనియం అనే విద్యుత్ వాద్యం మీద పుట్టించిన రెక్కల మోతలు, అరుపులు ఉంటాయి. అవి పక్షులవి కావని చెవికి తెలుస్తూనే ఉంటుంది, కానీ భయం వేస్తుంది. ఎందుకన్నదానికి సమాధానం తర్వాత జీవశాస్త్రం నుంచి వచ్చింది. డేనియల్ బ్లమ్‌స్టీన్ అనే శాస్త్రవేత్త మార్మాట్ అనే కొండ ఉడుతజాతి జంతువుల మీద పనిచేసేవాడు. పట్టుబడిన పిల్ల భయంతో అరిచినప్పుడు గొంతు తన అదుపు దాటి, ధ్వనిలో గరుకుదనం, హఠాత్తుగా శ్రుతి మారడం కనబడతాయి. సహచరులతో కలిసి ఆయన 2010లో 102 సినిమాల ప్రముఖ సన్నివేశాల ధ్వనిని విశ్లేషించాడు. భయానక చిత్రాలలో అలాంటి గరుకు అరుపులు ఎక్కువగా, విషాద సన్నివేశాలలో గరుకుదనం తక్కువగా ఉన్నట్టు తేలింది. గొంతు పగిలిన ధ్వని ఆపదకు గుర్తు. పాలిచ్చే జంతువులన్నిటికీ ఇది చాలా పాత చదువు. సంగీతకారుడు దాన్ని తీగ మీద గట్టిగా నొక్కిన కమానుతో గుర్తుచేస్తాడు.

సత్యజిత్ రాయ్ 'పథేర్ పాంచాలీ'లో తల్లి ఏడుపును తీసేసి ఆ చోట తార్ షెహనాయ్ వినిపించిన ఘట్టం ఈ చదువుకు పెద్ద ఉదాహరణ. 1955 సినిమా. రవిశంకర్ దాని సంగీతంలో ఎక్కువ భాగాన్ని ఒకే విడతలో ఒక రాత్రి కూర్చుని ముగించాడు. తార్ షెహనాయ్ అంటే కమానుతో వాయించే ఎస్రాజ్‌కు గ్రామఫోన్ గొట్టం లాంటిది తగిలించిన వాద్యం. ఆ లోహపు గొట్టం పై స్వరాలను తీక్ష్ణం చేస్తుంది. ఏడుస్తున్న నోరు తెర మీద కనబడుతుంది, గొంతు వినబడదు, ఈ తీక్ష్ణత వినబడుతుంది. ఖర్చు లెక్క వేస్తే ఒక వాద్యకారుడి రాత్రి కూలి.

ఇక తంబుర దగ్గరకు వద్దాం. వాతావరణ సంగీతానికి పునాది నిలకడ స్వరం. సింథసైజర్లు వచ్చాక ప్రపంచం దాన్ని 'డ్రోన్' అని కొత్తగా కనుక్కున్నట్టు మురిసిపోతోంది కానీ మన ఇళ్లలో అది గోడకు ఆనించి ఉండేది. దానిలోని భౌతికశాస్త్రాన్ని సి.వి.రామన్ విప్పాడు. విశాఖపట్నంలో బాల్యం గడిపి, అక్కడే చదువుకున్న రామన్ 1921లో భారతీయ తంత్రీ వాద్యాల మీద ఒక చిన్న పత్రం ప్రచురించాడు. అప్పటిదాకా యంగ్, హెల్మ్‌హోల్ట్జ్‌ల సూత్రం ప్రకారం, తీగను ఏ బిందువు దగ్గర మీటితే అక్కడ కదలికలేని అనుస్వరాలు, అంటే మూలస్వరానికి రెండింతలు, మూడింతల పౌనఃపున్యాలతో మోగే పై స్వరాలు, పుట్టకూడదు. తంబుర, వీణ ఆ సూత్రాన్ని లెక్కచేయడం లేదని రామన్ చూపించాడు. పుట్టకూడని అనుస్వరాలు కూడా బలంగా మోగుతున్నాయి. కారణం వంపు తిరిగిన గుర్రం. తీగ దాని అంచు మీద కచ్చితంగా ఆగిపోకుండా, ఊగినప్పుడల్లా ఆ వంపును తాకుతూ వదులుతూ ఉంటుంది. తంబురలో తీగ కింద పెట్టే నూలుపోగు, సంగీతకారులు జీవాళి అనేది, ఆ తాకిడిని సరైన చోటికి తెస్తుంది. ప్రతి తాకిడిలోనూ శక్తి పై అనుస్వరాలకు ఎక్కుతుంది.

రెండు తీగలు కాస్త తేడాగా ఉంటే ఇంకో వింత జరుగుతుంది. ఒకటి 100, మరొకటి 100.5 హెర్ట్జ్‌ల దగ్గర ఉంటే రెండూ కలిసి రెండు సెకన్లకోసారి ఉబ్బి తగ్గుతాయి. పాఠ్యపుస్తకాలు వీటినే విస్పందనలంటాయి. మూడో అనుస్వరం దగ్గర అదే తేడా మూడింతలై, సెకనుకు ఒకటిన్నర సార్లు ఉబ్బుతుంది. ఐదో దాని దగ్గర ఇంకా వేగం. అంటే 'మారని' స్వరంలోనే అనేక వేగాల కదలిక ఉంది. మెదడు మారని ధ్వనిని త్వరగా పక్కనబెడుతుంది. ఫ్యాను చప్పుడు కాసేపటికి వినబడకపోవడం అందుకే. తంబుర అలా పోదు. కంప్యూటర్‌లో గీసిన నికార్సయిన సైన్ తరంగం పోతుంది. స్వతంత్ర సినిమాలలో నిలకడ స్వరం విసుగనిపించినప్పుడు నేరం నిలకడది కాదు, లోపల కదలిక లేకపోవడానిది.

ఈ అనుస్వరాలే మరో గండం కూడా గట్టెక్కిస్తాయి. 'కేరాఫ్ కంచరపాలెం' 2018లో థియేటర్లలో ఆడింది. స్వీకర్ అగస్తి సంగీతం చేసిన ఆ సినిమాలో కంచరపాలెం వాసులే ఎనభై మందికి పైగా నటించారు. 2021లో 'సినిమా బండి' నేరుగా నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చింది. మారిన దారి ఇదే. ఇవాళ చిన్న సినిమాను చాలామంది చూసేది ఫోనులో. ఫోను స్పీకరు సుమారు 300 హెర్ట్జ్‌ల కింద దాదాపు చేతులెత్తేస్తుంది. పక్షుల గోల కింద ఖాళీగా ఉందని మనం ఎంచుకున్న అర సరిగ్గా అక్కడే ఉంది. స్టూడియోలో గుండెను అదిమిన స్వరం బస్సులో ఫోను పట్టుకున్నవాడికి చేరనే చేరదు. దానిపైన, తక్కువ వాల్యూమ్‌లో మన చెవి కింది స్వరాలను మరీ తక్కువగా వింటుందని ఫ్లెచర్, మన్సన్‌లు 1933లోనే కొలిచి చూపారు.

కానీ చెవి వెనకున్న మెదడు దయగలది. 300, 400, 500 హెర్ట్జ్‌లు కలిసి వినబడితే, ఇవన్నీ 100కు గుణిజాలని గ్రహించి, అసలు లేని 100 హెర్ట్జ్‌ల స్వరాన్ని మనకు వినిపిస్తుంది. మాట్లాడుకునేటప్పుడు ఫోనులో నాన్న గొంతు నాన్న గొంతుగానే ఉండడానికి కారణం ఇదే. టెలిఫోను 300 హెర్ట్జ్‌ల కింద భాగాన్ని పంపేది కాదు, మగ గొంతు మూలస్వరం 100 చుట్టూ ఉంటుంది. కాబట్టి కింది స్వరాన్ని ఉత్త సైన్ తరంగంతో కాకుండా అనుస్వరాలు నిండిన వాద్యంతో ఇస్తే, లేదా దానికి కొంచెం గరుకు కలిపి అనుస్వరాలు పుట్టిస్తే, ఫోనులోనూ దాని నీడ నిలబడుతుంది. తంబుర మొదటి నుంచీ ఇలాగే తయారై ఉంది. మిక్సింగ్ అయ్యాక సినిమాను ఒకసారి చవక ఫోనులో వినని సంగీతకారుడు పని పూర్తిచేయనట్టే.

డబ్బు తక్కువైనప్పుడు రెండు గంటల సినిమాకు పొరలు ఎలా కట్టాలి? సంగీతకారుడు బ్రయన్ ఈనో 1978లో 'మ్యూజిక్ ఫర్ ఎయిర్‌పోర్ట్స్' అనే ఆల్బమ్ కోసం ఒక ఉపాయం వాడాడు. ఒక్కో స్వరాన్ని ఒక్కో టేపు చుట్టలో పెట్టి, చుట్టల నిడివిని ఒకదానికొకటి కుదరకుండా ఉంచాడు. ఆయన చెప్పిన లెక్కలో ఒకటి ఇరవైమూడున్నర సెకన్లకు, రెండోది 25.875 సెకన్లకు, మూడోది 29.9375 సెకన్లకు తిరిగొస్తాయి. కనిష్ఠ సామాన్య గుణిజం కడితే మొదటి రెండూ మళ్లీ ఒకేసారి మొదలవడానికి 81 నిమిషాలు, మూడూ కలవడానికి దాదాపు 27 రోజులు. ఇంత కష్టం కూడా అక్కర్లేదు. 17, 19, 23 సెకన్ల మూడు చిన్న ముక్కలు చాలు. మూడూ ప్రధాన సంఖ్యలు, గుణిస్తే 7,429 సెకన్లు. రెండు గంటల మూడు నిమిషాలు దాటుతుంది. కొంగముక్కు టపటప ఒకటి, తంబుర మీటు ఒకటి, వేకువ రైలు జారుడు ఒకటి తీసుకుని అలా తిప్పితే సినిమా ముగిసేదాకా వాటి కలయిక ఒకసారి వచ్చినట్టు మళ్లీ రాదు. అదే ఆరో తరగతి క.సా.గు. ఇక్కడ పనికొచ్చింది.

ప్రతినాదం గురించి ఒక తగువు పెట్టుకోక తప్పదు. 1895లో హార్వర్డ్‌లో వాలెస్ సబైన్ అనే యువ ఆచార్యుడు ఒక లెక్చరు హాల్లో మాటలు అర్థం కాకపోవడానికి కారణం వెతుకుతూ, ధ్వని ఆగాక 60 డెసిబెల్స్ తగ్గడానికి పట్టే కాలాన్ని గది ఘనపరిమాణంతో, గోడల పీల్చే గుణంతో ముడిపెట్టాడు. గోడలుంటేనే ప్రతినాదం. నేలపట్టు గట్టు మీద, పులికాట్ ఉప్పునేలల మీద గోడలు లేవు. అక్కడ చప్పట్లు కొడితే తిరిగి రాదు. అలాంటి చోటు మీద గుడిమండపమంత ప్రతినాదం పూసిన పియానో వేయడం మన స్వతంత్ర సినిమాల అలవాటు. పెద్ద ఆకాశానికి పెద్ద గూంజు అనుకుంటారు. భౌతికంగా అది తిరగబడ్డ లెక్క. బయలు ఎంత పెద్దదైతే ధ్వని అంత పొడిగా ఉంటుంది. బయలును వినిపించాలంటే పొడి ధ్వనిని, పైన చెప్పిన గాలి జల్లెడను, కాస్త ఆలస్యాన్ని వాడాలి.

గోడలున్న చోట్ల ప్రతినాదాన్ని మాత్రం ఎత్తుకురావచ్చు. ఒక గదిలో చిన్న పేలుడు చప్పుడు చేసి, గది జవాబును రికార్డు చేస్తే ఆ గది వేలిముద్ర దొరికినట్టే. తర్వాత ఏ వాద్యాన్నైనా గణితంతో ఆ గదిలో కూర్చోబెట్టవచ్చు. హిల్దుర్ గుడ్నడొట్టిర్ 2019 'చెర్నోబిల్' సీరీస్‌కు సంగీతం చేసేముందు, క్రిస్ వాట్సన్ అనే ధ్వనిగ్రాహకుడితో కలిసి లిథువేనియాలో మూతబడ్డ ఇగ్నలీనా అణువిద్యుత్ కేంద్రంలో నడిచి, అక్కడి తలుపులు, పంపులు, గదుల జవాబులు రికార్డు చేసింది. సంగీతమంతా ఆ శబ్దాలతో, ఆమె గొంతుతో కట్టినదే. దొరవారిసత్రంలో ఖాళీ ధాన్యం గోడౌను, నీళ్లులేని ఓవర్‌హెడ్ ట్యాంకు, పాత బావి ఇదే పనికి వస్తాయి. చిన్న రికార్డరు, ఒక చప్పట్ల చెక్క చాలు.

ఈ రంగంలో మూఢనమ్మకాలకూ కొదవ లేదు. 20 హెర్ట్జ్‌లకు కింద ఉండే, చెవికి వినబడని పరశ్రావ్య ధ్వనితో ప్రేక్షకుడికి దయ్యం భయం పుట్టించవచ్చని ఒక ప్రచారం ఉంది. 1998లో విక్ టాండీ అనే ఇంజనీరు తన ప్రయోగశాలలోని భయానికి 19 హెర్ట్జ్‌ల ఫ్యాను కంపనమే కారణమని రాసినప్పటి నుంచి ఇది పాకింది. 2009లో లండన్ పరిశోధకులు అలాంటి ధ్వనులున్న గదిని కట్టి మనుషులను కూర్చోబెట్టి చూశారు. వింత అనుభూతులు కలిగాయన్నవాళ్లు ఉన్నారు కానీ ధ్వని ఉన్నా లేకున్నా ఒకటే. ముందే అలా జరగవచ్చని చెప్పడం వల్ల కలిగిన ఊహే ఎక్కువ. ఆ మాటకొస్తే ఆ ధ్వనిని పలికించే స్పీకర్లు మన థియేటర్లలో అరుదు, ఫోనుల్లో అసలే లేవు. పాశ్చాత్య సంగీతంలోని 'ఏ' స్వరాన్ని 440కి బదులు 432 హెర్ట్జ్‌లకు శ్రుతి చేస్తే విశ్వంతో కలిసిపోతామన్నది ఇంకొకటి. సెకను అనేది మనుషులు నిర్ణయించిన కొలత. దానితో లెక్కించిన అంకెకు విశ్వంతో చుట్టరికం ఉండదు.

ఇవేవీ లేకున్నా నడుస్తుంది కానీ ఒకటి లేకుండా నడవదు. ప్రతి లొకేషన్‌లోనూ అందరినీ కదలకుండా నిలబెట్టి ఒక నిమిషం ఊరికే రికార్డు చేసుకోవాలి. సౌండ్ వాళ్లు దీన్నే రూమ్ టోన్ అంటారు. సంగీతం ఆగిన చోట సౌండ్ ట్రాక్‌లో సున్నా పెడితే ప్రేక్షకుడికి నిశ్శబ్దం వినబడదు, స్పీకరు పోయిందనిపిస్తుంది. నేలపట్టు నిశ్శబ్దంలో కూడా ఎక్కడో ఒక రెక్క ఆడుతూ ఉంటుంది. షూటింగ్ హడావిడిలో మొదట ఎగిరిపోయేది ఈ ఒక్క నిమిషమే, ఎడిటింగ్ బల్ల దగ్గర అందరూ వెతికేదీ ఇదే.

రికార్డరు పట్టుకుని నేలపట్టు వెళ్లాలనుకునేవాళ్లకు ఒక మాట. వన్యప్రాణి సంరక్షణ చట్టం, 1972 ప్రకారం అక్కడ చిత్రీకరణకు అటవీశాఖ అనుమతి కావాలి. గట్టు మీద బెలూన్లు, టపాసులు పేల్చి ప్రతినాదం కొలవకండి, ఎలాగూ ఏమీ తిరిగి రాదు. పక్షి కూతను స్పీకరులో వినిపించి మరో పక్షిని పలికించే ప్రయత్నం చేయకండి. అది ప్రత్యర్థి వచ్చిందనుకుని గూడు వదిలి వస్తే, ఎండలో పిల్లలు ఒంటరిగా మిగులుతాయి. మైకును దూరంగా కట్టి, గాలి తొడుగు వేసి, మీరు వెనక్కి వచ్చేయండి. డిసెంబరు, జనవరి వేకువలు మంచివి.